దండన పదజాలంలో శ్రమ, కాలం: చాంద్రాయణగుట్ట తీర్పు మీదుగా ఒక పరిశీలన

2011 ఏప్రిల్ 30న హైదరాబాద్ పాతబస్తీలోని బార్కాస్ ప్రాంతంలో చాంద్రాయణగుట్ట శాసనసభ్యుడు అక్బరుద్దీన్ ఒవైసీపై హత్యాయత్నం జరిగింది. ఆరేళ్ల తరువాత, 2017 జూన్ 29న, నాంపల్లి సెషన్స్ కోర్టు నలుగురిని దోషులుగా తేల్చి పదేళ్ల జైలుశిక్ష విధించింది. ప్రధాన నిందితుడితో సహా మిగిలినవారిని నిర్దోషులుగా విడుదల చేసింది. ఈ కేసు రాజకీయ నేపథ్యం గురించి, స్థానిక వైరాల గురించి పత్రికలు విస్తారంగానే రాశాయి. తీర్పు తెలుగులోకి ఏ మాటల్లో వచ్చింది, ఆ మాటలు శిక్షను ఎంతవరకు చెప్పగలిగాయి అన్నది మాత్రం భాషా పరిశోధకుల దృష్టికి రాలేదు. శిక్ష అనేది మొదట ఒక వాక్యం. ఆ వాక్యం మనిషిని లోపలికి పంపుతుంది. దాని అర్థం వినేవాడికి తెలియడం న్యాయప్రక్రియలో భాగమే కనుక, దానిని మోసే పదాలు తెలుగు శాఖల అధ్యయన పరిధిలోకి రావలసినవే.

చాంద్రాయణగుట్టను ఎన్నుకోవడానికి ఈ కేసు ఒక కారణం. ఆ ప్రాంతపు భాషాస్థితి మరొకటి. గుట్ట పేరు సంస్కృత పదంతో మొదలై తెలుగు పదంతో ముగుస్తుంది. పక్కనున్న బార్కాస్ పేరు బ్యారక్స్ అన్న ఆంగ్లపదానికి దక్కనీ రూపం. నిజాం సైన్యంలో పనిచేసిన హద్రమీ అరబ్బుల వారసులు అక్కడ స్థిరపడ్డారు. ఉర్దూ, తెలుగు, అరబ్బీ ఛాయలు కలగలిసిన ఈ వీధుల్లో న్యాయస్థానపు మాట ఒక్కొక్క భాషలో ఒక్కొక్క విధంగా వినిపిస్తుంది.

ముద్దాయి అన్న మాట ఇందుకు చక్కని ఉదాహరణ. అరబ్బీ మూలంలోనూ ఉర్దూలోనూ ముద్దయీ అంటే దావా వేసినవాడు, హక్కు కోరుతూ వచ్చినవాడు. ఎవరిపై దావా పడిందో అతడు ముద్దా అలైహ్. తెలుగులో ఈ రెండు పదాలలో మొదటిది మాత్రమే నిలబడింది, అదీ రెండవదాని అర్థంతో. నేరారోపణకు గురైనవాడు తెలుగులో ముద్దాయి అయ్యాడు. తెలుగు పత్రిక ముద్దాయి అని రాసిన మనిషి, అదే వీధిలోని ఉర్దూ పాఠకుడి చెవికి ఫిర్యాదుదారుగా వినిపించే అవకాశం ఉంది. అర్థవిపరిణామానికి ఉదాహరణగా భాషాశాస్త్ర తరగతిలో చెప్పుకోదగిన పదమిది. నేరవిచారణలో దీనివల్ల మరొక చిక్కు కూడా ఉంది. వాడుకలో ముద్దాయి అన్న మాట నిందితుడికీ దోషికీ కూడా చెల్లుతోంది. నేరం మోపబడినవాడు, నేరం రుజువైనవాడు అనే తేడాను తెలుగు రెండు సంస్కృత పదాలతో చెప్పగలుగుతున్నా, జనం నోట ఉన్న మాట ఆ తేడాను మింగేసింది. నలుగురు దోషులై, తక్కినవారు నిర్దోషులైన కేసులో ఆ తేడాయే సర్వస్వం.

పదజాలంలో ఇంతకంటే పెద్ద లోపం శిక్షాస్వరూపాన్ని చెప్పే చోట ఉంది. 1860 నాటి భారత శిక్షాస్మృతి 53వ సెక్షన్ మరణశిక్ష, యావజ్జీవ కారాగారం, కఠిన లేక సాధారణ కారాగారం, ఆస్తి జప్తు, జరిమానా అనే శిక్షలను పేర్కొన్నది. 2024 జూలై 1న అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత 4వ సెక్షన్ వీటికి సమాజ సేవను చేర్చింది. (కొత్త చట్టం పేరులో శిక్ష అన్న మాట లేకపోవడం గమనించదగినది. సంస్కృతంలో విద్యాబోధనను చెప్పే శిక్షాశబ్దం తెలుగులో దండనార్థంలో స్థిరపడింది. బోధనార్థాన్ని శిక్షణకు వదిలేసింది. పేరు మారినా ఆ మాట తీర్పుల నుంచి తొలగేది కాదు.) ఈ శిక్షలలో అతి తరచుగా తెలుగు వార్తల్లో కనిపించే పదబంధం కఠిన కారాగార శిక్ష. కఠిన అంటే పాఠకుడు ఏమనుకుంటాడు? చీకటి గది, చాలీచాలని తిండి, కరకు అధికారి. చట్టం చెబుతున్నది వేరు. కఠిన కారాగారమంటే శ్రమతో కూడిన కారాగారమని ఆ సెక్షన్‌లోనే వివరణ ఉంది. సాధారణ కారాగారంలో ఖైదీ పనిచేయనక్కరలేదు. రెండింటికీ ఉన్న భేదం పని. బాధ పరిమాణం ఆ భేదానికి ప్రాతిపదిక కాదు.

ఉర్దూ న్యాయపరిభాషలో ఈ రెండు శిక్షలకు ఖైద్‌-ఎ-బామషక్కత్‌, ఖైద్‌-ఎ-మహజ్‌ అని పేర్లు. మషక్కత్‌ అంటే శ్రమ. బామషక్కత్‌ అంటే శ్రమతో కూడిన. మహజ్‌ అంటే కేవలం. అనువాదంగా చూస్తే ఇది చట్టానికి అతి దగ్గరైన మాట. ఆసఫ్‌జాహీ పాలనలో న్యాయవ్యవహారం ఉర్దూలో నడిచిన తెలంగాణలో సజా, జుర్మానా, ఫైసలా, జమానత్‌ వంటి మాటలు పల్లెటూరి మనిషికి కూడా తెలిసినవే. ఖైదు, జరిమానా తెలుగువారందరి మాటలైపోయాయి. బామషక్కత్‌ మాత్రం నిలవలేదు. పత్రికాభాష సంస్కృతపు కఠినాన్ని స్వీకరించింది. పరిభాషను సంస్కృతీకరిస్తే స్పష్టత పెరుగుతుందని సామాన్యంగా ఒక నమ్మకం ఉంది. ఈ సందర్భంలో జరిగింది దానికి సరిగ్గా వ్యతిరేకం: వస్తువును చెప్పిన మాట పోయి, దాని గురించి ఒక భావోద్వేగాన్ని చెప్పే మాట వచ్చింది.

ఇది నిఘంటుకారుల తగవుగా కనిపించవచ్చు. శ్రమ అన్న మాట ఉన్నచోట కూలి అన్న ప్రశ్న వెంటనే పుడుతుంది. కఠినం అన్నచోట పుట్టదు. శ్రమతో కూడిన శిక్ష అనుభవిస్తున్న ఖైదీలకు సమంజసమైన వేతనం చెల్లించాలని సుప్రీంకోర్టు 1998లో గుజరాత్ ఖైదీల కేసులో చెప్పింది. బలవంతపు చాకిరీని నిషేధించే రాజ్యాంగం 23వ అధికరణం ఆ చర్చకు కేంద్రం. తెలుగులో ఆ తీర్పు సారాన్ని చెప్పబోయినవారికి మొదటి అడ్డంకి పదమే. కఠిన కారాగారవాసికి కూలి ఎందుకని అడిగే పాఠకుడికి కఠినమంటే ఇక్కడ పని అని ముందు వివరించాలి. చాంద్రాయణగుట్టకు కొద్ది కిలోమీటర్ల దూరంలోని చంచల్‌గూడలో జైళ్ల శాఖ నడిపే పెట్రోలు బంకు ఉంది. తెలంగాణ జైళ్లలో ఖైదీలు తయారుచేసే వస్తువులు మై నేషన్ అనే పేరుతో అమ్మకానికి వస్తాయి. బండిలో పెట్రోలు పోయించుకుంటున్న మనిషి తన ఎదుట జరుగుతున్నది కఠిన కారాగార శిక్షలో భాగం కావచ్చునని ఊహించలేడు. ఆ పదం అతడికి చూపిన బొమ్మలో పెట్రోలు బంకు లేదు.

కాలాన్ని చెప్పే మాటల దగ్గర స్థితి ఇంకొక రకంగా ఉంది. అక్కడ పదం సరైనదే, అవగాహన తప్పు. యావజ్జీవమంటే జీవమున్నంత వరకు. సమాసంలో సందిగ్ధతకు చోటు లేదు. అయినా యావజ్జీవమంటే పద్నాలుగేళ్లే కదా అనడం తెలుగునాట సర్వసాధారణం. 1955 నాటి సవరణకు పూర్వం ఈ శిక్ష పేరు ద్వీపాంతరవాసం. ఆ మాటలో కాలం కన్నా దూరం ప్రధానం, సముద్రం ప్రధానం. ద్వీపాంతరం స్థానంలో జీవితం వచ్చి చేరినప్పుడు ప్రజల మనస్సు ఆ జీవితానికొక సంఖ్యను వెతుక్కున్నది. గోపాల్ గోడ్సే కేసులో 1961లోనే సుప్రీంకోర్టు ఈ శిక్ష సహజ జీవితాంతం వర్తిస్తుందని, ప్రభుత్వం తగ్గిస్తే తప్ప దానంతట అది ముగియదని స్పష్టం చేసింది. పద్నాలుగు అన్న అంకె ఎక్కడిదంటే, అది పాత చట్టంలో రెండు చోట్ల రెండు విరుద్ధమైన పనులు చేస్తూ కనిపించేది. శిక్షాస్మృతి 55వ సెక్షన్‌లో ప్రభుత్వం యావజ్జీవాన్ని పద్నాలుగేళ్లకు మించని శిక్షగా మార్చవచ్చునన్నారు. అది పై హద్దు. 1978లో నేర విచారణ స్మృతిలో చేర్చిన 433ఎ సెక్షన్‌లో మరణశిక్షకు అవకాశమున్న నేరాలలో యావజ్జీవం పడినవాడిని పద్నాలుగేళ్లు నిండకుండా విడుదల చేయరాదన్నారు. అది కింది హద్దు. జనవ్యవహారం ఈ రెండు హద్దులనూ కలిపి ఒక నిశ్చిత సంఖ్యగా చేసుకున్నది. రాముడి వనవాసం కూడా పద్నాలుగేళ్లే కావడం ఈ అంకె నోళ్లలో నానడానికి తోడ్పడిందా అన్నది జానపద విజ్ఞానం చేయదగిన ఆలోచన.

ఈ అపోహ కేవలం పామరులది అనుకోనక్కరలేదు. 2013 సవరణలో కొన్ని లైంగిక నేరాలకు శిక్ష చెబుతూ, యావజ్జీవమంటే ఆ వ్యక్తి సహజ జీవితంలో మిగిలిన కాలమంతా అని శాసనకర్తలు విడిగా రాయవలసి వచ్చింది. తెలుగు అనువాదకుడికి ఇదొక విచిత్ర సంకటం. యావజ్జీవమంటే యావజ్జీవమేనని చెప్పాలి. పదం తన అర్థాన్ని కోల్పోయిందనడానికి ఇంతకంటే నిదర్శనం అక్కరలేదు.

పదేళ్లు అన్న చోట మరుగుపడేది వరకు అనే ప్రత్యయం. శిక్షాస్మృతి 307వ సెక్షన్‌లో హత్యాయత్నానికి పదేళ్ల వరకు కారాగారం, జరిమానా. ఆ యత్నంలో గాయం కలిగితే యావజ్జీవం లేదా పైన చెప్పిన శిక్షే. న్యాయ సంహితలో ఇది 109వ సెక్షన్ అయింది. కనుక చాంద్రాయణగుట్ట కేసులోని పదేళ్లు ఒక కొలమానంలో గరిష్ఠం, మరొక కొలమానంలో కాదు. కాల్పులలో, కత్తిపోట్లలో శాసనసభ్యుడు తీవ్రంగా గాయపడిన కేసు అది. న్యాయమూర్తి ముందు రెండు దారులున్నాయి. వార్తలోని పదేళ్లు అన్న మాట ఆ ఎంపికను చూపదు. చట్టం పదేళ్లన్నది గనుక పదేళ్లు పడ్డాయన్నట్టు వినిపిస్తుంది. ఇదే దోషం అరెస్టు వార్తల్లో తలకిందులుగా కనిపిస్తుంది. మూడేళ్ల వరకు అవకాశమున్న దొంగతనం శీర్షికలో మూడేళ్ల జైలు అవుతుంది. నిర్లక్ష్యపు డ్రైవింగుతో మరణానికి కారణమైతే పాత చట్టంలో రెండేళ్ల వరకు, కొత్త చట్టంలో అయిదేళ్ల వరకు. ఈ మార్పు వచ్చినప్పుడు వరకు అన్న మూడక్షరాలు ఎన్ని శీర్షికల్లో మిగిలాయో ఎవరైనా లెక్కిస్తే అదొక విలువైన పరిశోధన.

తెలుగుకు దండనను కొలిచి చెప్పే సంప్రదాయం లేదా అంటే ఉంది. విజ్ఞానేశ్వరుడి మితాక్షరను 13వ శతాబ్దంలో కేతన విజ్ఞానేశ్వరీయముగా తెనిగించాడు. అభినవ దండి అన్న బిరుదున్న కవి దండనీతిని కూడా చేపట్టడం ఒక చమత్కారం. ఆచార, వ్యవహార, ప్రాయశ్చిత్త కాండలుగా సాగిన ఆ రచన తెలుగులో న్యాయపరిభాషకు తొలి పునాది. దానికి మూలమైన యాజ్ఞవల్క్య స్మృతి ధిగ్దండం, వాగ్దండం, ధనదండం, వధదండం అని దండనను నాలుగు విధాలుగా చెప్పింది. కారాగారం ఈ నాలుగింటిలో లేదు. నిరోధం, బంధనం అన్న మాటలు మనుస్మృతిలో ఉన్నా, ఈ నేరానికి ఇన్నేళ్ల బంధనం అనే లెక్క వాటి వెంట లేదు. ధనదండం పణాలలో లెక్కకు వస్తుంది, బంధనం రాదు. అందువల్ల ఏళ్లతో కొలిచే ఖైదు తెలుగులోకి వచ్చేసరికి దానికి సిద్ధంగా ఉన్న దేశి మాట లేకపోయింది.

కాలంతో కొలిచే విధానం ఆ సంప్రదాయంలో మరొక గదిలో ఉంది. రాజు వేసే దండనలో కాక, పాపి తనంతట తాను చేసుకునే ప్రాయశ్చిత్తంలో ఉంది. అందులో ప్రసిద్ధమైనదే చాంద్రాయణం. స్థలనామ వ్యుత్పత్తి ఎలాగున్నా, గుట్ట పేరులో వినిపించే ఈ మాట ధర్మశాస్త్రంలో ఒక నిర్దిష్ట శిక్షావిధానం. కృష్ణపక్షంలో రోజుకొక కబళం తగ్గిస్తూ, శుక్లపక్షంలో రోజుకొకటి పెంచుతూ నెల గడపాలి. యతిచాంద్రాయణంలో రోజుకు ఎనిమిది కబళాలు, నెలకు 240. చేసేవాడికి ఏ రోజు ఎంతో తెలుసు. ఎంత గడిచిందో, ఎంత మిగిలిందో ఆకాశంలో చూసుకోవచ్చు. స్మృతుల దండవిధానం వర్ణాన్ని బట్టి మనిషికొక ధర కట్టింది కనుక దానిని న్యాయానికి నమూనాగా చూపడం తగదు. ఖచ్చితత్వం సమత్వం కాదని ఆ గ్రంథాలే సాక్ష్యం. ఇక్కడ ప్రస్తుతమైనది భాష ఒక్కటే: శిక్ష పేరు వినగానే దాని స్వరూపం, కాలం, ముగింపు మూడూ తెలిసే మాట ఒకటి ఈ నేలమీద ఉండేది.

విచిత్రంగా జనవ్యవహారం ఇప్పటికీ శిక్షను తిండితోనే కొలుస్తున్నది. చిప్పకూడు తినడమంటే జైలుకు పోవడం. ఊచలు లెక్కపెట్టడం మరొకటి. అది కాలాన్ని లెక్కించే చేష్టను చూపుతుంది. శ్రీకృష్ణ జన్మస్థానం, అత్తారిల్లు వ్యంగ్యానికి పుట్టిన పేర్లు. ఈ నాలుగింటిలోనూ నేరాన్ని బట్టి తేడా లేదు. కోడిని దొంగిలించినవాడికీ మనిషిని చంపినవాడికీ ఒకే చిప్ప.

తెలుగు జైలు సాహిత్యం ఈ ఖాళీని నింపి ఉండవలసింది. నింపలేదనడం సాహసమే గాని, కారణం ఉంది. ఆ సాహిత్యంలో ఎక్కువ భాగం శిక్ష పడినవారిది కాదు. నిర్బంధితులది, విచారణ ఖైదీలది. కంచర్ల గోపన్న గోల్కొండ చెరలో పన్నెండేళ్లు ఉన్నాడని సంప్రదాయం చెబుతుంది. అవి తీర్పు చెప్పిన పన్నెండేళ్లు కావు, బాకీ తీరే వరకు సాగిన నిరోధం. దాశరథి నిజామాబాదు జైల్లో ఉన్నప్పుడైనా, వరవరరావు సహచరులు రాసినప్పుడైనా, ముగింపు తేదీ తెలియని నిరీక్షణే అనుభవం. అంతం తెలియకపోవడం ఆ రచనలకు శక్తినిచ్చింది. పదేళ్లు అని విని, ఆ పదేళ్లను రోజులుగా విడగొట్టుకుని బతికే ఖైదీ ఆ రచనల్లో పాత్రగా వస్తాడు, కథకుడిగా రాడు. దాశరథితో పాటు జైలు గడిపిన వట్టికోట ఆళ్వారుస్వామి జైలు లోపల కథల్లో మామూలు నేరాలకు వచ్చిన మనుషుల వైపు దృష్టి సారించాడు. రాజకీయ ఖైదీ సాధారణ ఖైదీని చూసిన చూపుకు తెలుగులో అంతకు మించిన ఉదాహరణ అరుదు. అయినా అది చూసినవాడి కథే. న్యాయవాదిగా కోర్టు లోపలి భాషను ఎరిగిన రాచకొండ విశ్వనాథశాస్త్రి ఆరు సారా కథల్లో మద్యనిషేధపు చట్టాన్నీ దాని చుట్టూ అల్లుకున్న బతుకులనూ చిత్రించాడు. చట్టం కింది మనిషిని అంత దగ్గరగా చూసిన రచయిత కూడా కోర్టు గుమ్మం దాటి శిక్షాకాలంలోకి పెద్దగా వెళ్లలేదు. పదేళ్ల శిక్షను మొదటి రోజు నుంచి చివరి రోజు వరకు లోపలి నుంచి చెప్పిన తెలుగు నవల సాహిత్య చరిత్రలో ప్రముఖంగా నిలవలేదంటే విమర్శకులు ఒప్పుకోవలసి ఉంటుంది.

ఆ మనిషి గొంతు వినిపించే అవకాశం చట్టం ఒక్కచోట ఇచ్చింది. దోషిగా తేల్చిన తరువాత, శిక్ష ఎంతో చెప్పే ముందు, శిక్ష విషయంలో ముద్దాయిని వినాలని నేర విచారణ స్మృతి 235వ సెక్షన్ రెండవ ఉపవిభాగం నిర్దేశించింది. ఇల్లు, పిల్లలు, వయస్సు, జబ్బు అన్నీ అక్కడే చెప్పుకోవాలి. పాతబస్తీ మనిషి దానిని దక్కనీలోనో తెలుగులోనో చెబుతాడు. తీర్పులో అది ఆంగ్లంలో ఒకటి రెండు వాక్యాలవుతుంది. శిక్ష పడినవాడు కోరితే, వీలైనంతలో అతడి భాషలోకి తీర్పును అనువదించి ఇవ్వాలని అదే స్మృతి 363వ సెక్షన్ చెప్పింది. 2017లో ఉర్దూ తెలంగాణ అంతటికీ రెండవ అధికార భాష అయింది. 2023లో తెలంగాణ హైకోర్టు తెలుగులో తీర్పు వెలువరించి ప్రశంసలందుకున్నది. అది ఆస్తి వివాదం. వీలునామా, వాటా, దస్తావేజు వంటి మాటలు తెలుగులో తరతరాలుగా స్థిరపడినవి గనుక ఆ పని సాధ్యమైంది. శిక్ష విధించే తీర్పును తెలుగులో రాయబోయేవారికి ఆ సౌకర్యం లేదు. రెండు శిక్షలు ఏకకాలంలో నడుస్తాయా, ఒకదాని వెనుక ఒకటా. విచారణలో గడిపిన జైలుకాలం శిక్షలో తీసివేతకు వస్తుందా. జరిమానా కట్టకపోతే అదనంగా ఎన్ని నెలలు, అది పనితోనా పని లేకుండానా? ఇవన్నీ ఒక్క వినికిడిలో తెలియాలి. ఇప్పుడున్న తెలుగు వాక్యంలో తెలియవు.

కొత్త చట్టం ఈ సమస్యను పెంచింది. సమాజ సేవ ఇప్పుడు శిక్ష. మొదటిసారి అయిదు వేల రూపాయలలోపు విలువగల సొత్తును దొంగిలించి తిరిగి ఇచ్చినవాడికి, తాగి బహిరంగ ప్రదేశంలో అల్లరి చేసినవాడికి, పరువునష్టం కలిగించినవాడికి, మరి మూడు చిన్న నేరాలకు ఈ శిక్ష పడవచ్చు. పట్టణ న్యాయస్థానాల్లో రోజూ కనిపించే మనుషులు వీరు. నాగరిక సురక్షా సంహిత 23వ సెక్షన్ వివరణ ప్రకారం ఇది దోషితో న్యాయస్థానం చేయించే పని. సమాజానికి ఉపకరించే పని. దీనికి ప్రతిఫలం ఉండదు. తెలుగులో సేవ దేవుడికి చేసేది, పెద్దలకు చేసేది, స్వచ్ఛందంగా చేసేది. ఉత్తరువుతో చేయించి కూలి ఇవ్వని పనికి తెలంగాణ పల్లెల్లో ఉన్న మాట వెట్టి. అది న్యాయస్థానం రాయలేని మాట, రాయకూడనిది కూడా. దొరకు చేసిన వెట్టికీ చట్టం వేసిన శిక్షకూ మధ్య దూరం ఉంది. అయినా కఠిన అన్న మాట చాటున కూలి ఉన్న శ్రమ, సేవ అన్న మాట చాటున కూలి లేని శ్రమ దాగి ఉండడం ఇప్పటి తెలుగు దండన పదజాలపు స్థితి. శ్రమఖైదు, వట్టిఖైదు, శిక్షాపని వంటి మాటలు వినడానికి మోటుగా ఉంటాయి. చాంద్రాయణగుట్ట పోలీసు స్టేషన్ నుంచి నాంపల్లి దాకా వచ్చిన మనిషికి తనతో పని చేయిస్తారా లేదా, చేయిస్తే కూలి ఉంటుందా లేదా అన్నది ఆ మోటు మాటల్లో అర్థమవుతుంది. అధికార భాషా సంఘం, విశ్వవిద్యాలయాల తెలుగు శాఖలు న్యాయపదకోశాలను మళ్లీ పరిష్కరించేటప్పుడు బామషక్కత్‌ అన్న ఆరోపాన్ని కూడా ఒకసారి బల్లమీద పెట్టుకోవలసి ఉంటుంది.